డ్యూటీకి వెళ్తూ దారిలో చనిపోతే పరిహారం రాదా? 22 ఏళ్ల పోరాటంలో ఓ కుటుంబం ఎలా గెలిచిందంటే..

ఎచ్చెర్ల, పైడిభీమవరం ఫ్యాక్టరీల్లో షిఫ్టుకు వెళ్లే చాలామందికి 16వ నంబర్ జాతీయ రహదారే దారి. చీకట్లోనే బైక్ తీయాలి, లేట్ అయితే హాజరు పోతుంది. మరి గేటు దాటకముందే ప్రమాదం జరిగితే? ‘అది డ్యూటీలో జరిగింది కాదు కదా’ అనే మాటే కుటుంబానికి ముందు ఎదురవుతుంది. ఈ వాదనపై 2025 జులై 29న సుప్రీంకోర్టు కీలక తీర్పు ఇచ్చింది.

అసలు కేసేంటి?

మహారాష్ట్రలోని ఓ చక్కెర ఫ్యాక్టరీలో అతను వాచ్‌మన్. డ్యూటీ తెల్లవారుజామున 3 నుంచి ఉదయం 11 వరకు. 2003 ఏప్రిల్ 22న బైక్‌పై వెళ్తుండగా, ఫ్యాక్టరీకి ఇంకా 5 కిలోమీటర్లు ఉందనగా ప్రమాదంలో చనిపోయాడు. కుటుంబం క్లెయిమ్ వేస్తే 2009లో కమిషనర్ రూ.3,26,140, దానిపై 12 శాతం వడ్డీ ఇవ్వాలన్నారు. ఇన్సూరెన్స్ కంపెనీ అప్పీల్‌కు వెళ్లింది. 2011లో బాంబే హైకోర్టు ఆ ఆర్డర్‌ను కొట్టేసింది. సుప్రీంకోర్టు దాన్ని మళ్లీ నిలబెట్టేసరికి 14 ఏళ్లు గడిచాయి.

కోర్టు ఏం చెప్పింది?

ఇంటి నుంచి డ్యూటీకి, డ్యూటీ నుంచి ఇంటికి వెళ్లే దారిలో జరిగే ప్రమాదాన్ని ఉద్యోగంలో భాగంగానే చూడాలని ఈఎస్ఐ చట్టంలో 2010 నుంచే ఉంది. 1923 నాటి ఉద్యోగుల పరిహార చట్టానికీ అదే అర్థం వర్తిస్తుందని సుప్రీంకోర్టు తేల్చింది. అయితే ఒక షరతు ఉంది. ప్రమాదం జరిగిన టైమ్, చోటు, పరిస్థితులకు ఉద్యోగంతో సంబంధం కనిపించాలి. సొంత పని మీద వేరే దారిలో వెళ్తే ఈ తీర్పు కాపాడదు. 2025 నవంబర్ 21న అమల్లోకి వచ్చిన సామాజిక భద్రతా కోడ్‌లోనూ ఈ రూల్ ఉంది.

డబ్బు ఎంత?

1923 చట్టం లెక్క ప్రకారం నెల జీతంలో సగాన్ని వయసును బట్టి ఉండే అంకెతో గుణిస్తారు. 2020 నుంచి జీతం పరిమితి రూ.15,000. అంటే 30 ఏళ్ల కార్మికుడు చనిపోతే దాదాపు రూ.15.6 లక్షలు. ఈఎస్ఐ ఉన్నవాళ్ల కుటుంబాలు మాత్రం ఈఎస్ఐ ఆఫీసుకే వెళ్లాలి. అక్కడ నెలనెలా పెన్షన్ రూపంలో వస్తుంది.

కుటుంబం ఏం చేయాలి?

పాత చట్టంలో క్లెయిమ్‌కు గడువు రెండేళ్లు. కాంట్రాక్టర్ కింద పనిచేసినా అసలు కంపెనీకీ బాధ్యత ఉంటుంది. యజమాని హైకోర్టుకు వెళ్లాలంటే పరిహారం మొత్తాన్ని ముందే డిపాజిట్ చేయాలి. పైగా చట్టపరమైన ముఖ్య ప్రశ్న ఉంటేనే అప్పీల్ నిలుస్తుంది.

అందుకే మొదటి దశలో చూపించే కాగితాలే కీలకం. షిఫ్ట్ టైమ్, హాజరు, జీతం స్లిప్, ఎఫ్ఐఆర్‌లో ప్రమాదం జరిగిన సమయం, చోటు.. ఇవన్నీ పక్కాగా ఉండాలి. మనిషి పోయిన బాధలో వీటి గురించి ఎవరూ ఆలోచించరు. కానీ ఆ వాచ్‌మన్ డ్యూటీ 3 గంటలకు అని తేలడమే 22 ఏళ్ల తర్వాత ఆ ఇంటిని గెలిపించింది.