ఎండలో తిరిగేవాడి భత్యానికీ లెక్క ఉండాలి

బళ్లారి, రాయచూరు పల్లెల్లో బండిమీద తిరుగుతూ ఎరువులు, విత్తనాల కంపెనీలకు పనిచేసే మనవాళ్లకు జీతంతోపాటు ప్రయాణ భత్యమూ వస్తుంది. డ్యూటీమీద ఖర్చయినంత మేరకు దానికి పన్ను లేదు. కొత్త పన్ను విధానంలోనూ అంతే. జేబులో మిగిలింది మాత్రం జీతం కిందే లెక్క.

ఇంటినుంచి ఆఫీసుకు వెళ్లిరావడం డ్యూటీ కాదు. దానికున్న నెలకు రూ.1,600 మినహాయింపు సాధారణ ఉద్యోగులకు 2018లోనే పోయింది. యూనిఫాం భత్యానికి పాత విధానంలోనే మినహాయింపు.

2005లో తెచ్చిన ఫ్రింజ్ బెనిఫిట్ ట్యాక్స్‌ను యజమానే కట్టేవాడు. 2009లో అది రద్దయ్యాక భారం ఉద్యోగి నెత్తిన పడింది. రోజంతా ఎండలో తిరిగినా, బిల్లు లేకపోతే తిరిగినట్టు రుజువేదీ? పెట్రోలు చీటీలు పారేయకండి, ఏ ఊరెళ్లారో డైరీలో రాసుకోండి.