గెలిచిన డిమాండ్ రేషన్ దుకాణం దాకా చేరాలి

తెలంగాణ నేతన్నలు దశాబ్దాలుగా వలసపోతున్న నగరం సూరత్. అక్కడి ఖటోదరా వంటి పారిశ్రామిక వాడల్లో పనిచేసే వలస కార్మికుల్లో చాలామందికి ఓటు, రేషన్ కార్డు సొంతూళ్లోనే ఉంటాయి. ఓటు లేని చోట వారి గోడు నాయకులకు పట్టదు. ఆ లోటును పౌర సంఘాలే తీర్చాల్సి వస్తోంది.

2020 లాక్‌డౌన్ వేళ వలస కార్మికుల వెతలపై సుప్రీంకోర్టు సుమోటోగా కేసు చేపట్టింది. అంజలీ భరద్వాజ్, హర్ష్ మందర్, జగదీప్ ఛోకర్ అందులో భాగస్వాములయ్యారు. ‘ఒకే దేశం - ఒకే రేషన్ కార్డు’ను అన్ని రాష్ట్రాలూ జూలై 31లోగా అమలు చేయాలని 2021 జూన్ 29న కోర్టు ఆదేశించింది.

మరి కార్డే లేనివారి సంగతేమిటి? జవాబు ప్రభుత్వ లెక్కల్లోనే దొరికింది. ఈ-శ్రమ్‌లో నమోదైన 28 కోట్లకు పైగా కార్మికుల్లో దాదాపు 8 కోట్ల మందికి రేషన్ కార్డుల్లేవు. వారికి మూడు నెలల్లో కార్డులివ్వాలని 2023 ఏప్రిల్‌లో కోర్టు చెప్పింది. అయినా 2024 మార్చిలో మరో రెండు నెలల గడువు ఇవ్వాల్సి వచ్చింది.

సర్కారు లెక్కనే సాక్ష్యంగా నిలపడం ఈ పోరాటం బలం. తీర్పు తర్వాత కార్మికుల వాడల్లో పేర్లు నమోదు చేయించే యంత్రాంగం చాలినంత లేకపోవడం బలహీనత. ఉత్తర్వు ఢిల్లీలో వస్తుంది. అది అమలైందో లేదో తేలేది మాత్రం ఖటోదరా రేషన్ దుకాణంలోనే.