‘బలగం’ మొగిలయ్యకు రెండో సీను ఎందుకు దొరకలేదు?

గోదావరి, మంజీర, హరిద్ర కలిసే చోటు బోధన్ దగ్గరి కందకుర్తి. అస్థికలు పట్టుకొని జనం అక్కడికి వస్తుంటారు. అట్లాంటి చావు కర్మల చుట్టూ నడిచే సినిమా ‘బలగం’ (2023). నిజామాబాద్ జిల్లా నిర్మాత దిల్ రాజు సంస్థే దాన్ని తీసింది. చివర్లో తోబుట్టువులను ఏడిపించి కలిపిన పాట, దుగ్గొండికి చెందిన పస్తం మొగిలయ్య, కొమురమ్మ దంపతులది. (కిన్నెర మొగులయ్య వేరు.) ఊరూరా కథలు చెప్పి బతికిన బుడగ జంగాలు వాళ్లు, ఎస్సీలు.

సహాయ నటుడికి ఒక వేషం ఇంకో వేషాన్ని తెస్తుంది. మొగిలయ్యకు వచ్చింది డయాలసిస్. 2024 డిసెంబర్ 19న కన్నుమూశారు. ప్రభుత్వం, సినిమావాళ్లు సాయం చేశారు, కాదనం. కానీ అది దయ. మేం అడిగేది వాటా.

2012 సవరణతో కాపీరైట్ చట్టం 38ఎ సెక్షన్ ప్రదర్శకులకు రాయల్టీ హక్కు ఇచ్చింది. అయితే సినిమాలో అలా వచ్చి ఇలా పోతూ, టైటిల్స్‌లో పేరు వేసే ఆనవాయితీ కూడా లేనివాళ్లను ఆ చట్టమే ఆ లెక్కలోంచి దాదాపు తీసేసింది. కథకు ప్రాణం పోసిన పాట అలా వచ్చి పోయేదా? మన కళాకారులను షూటింగ్‌కు పిలిస్తే బండి ఎక్కే ముందే రెండు అడగాలి: టైటిల్స్‌లో పేరు, రాయల్టీ రాసిన ఒప్పందం.