'చలానా' పేరుతో ఏపీకే.. ఇంట్లోకి వరద నీళ్లు! మునగాల-కోదాడ రూట్‌లో మన ఫైళ్లు ఎంతవరకు సేఫ్?

పెళ్లి వీడియో, పొలం పాస్‌బుక్ పీడీఎఫ్, రైస్ మిల్లు ట్యాలీ లెక్కలు, పిల్లల సర్టిఫికెట్లు.. ఒకప్పుడు బీరువాలో ఉండేవన్నీ ఇప్పుడు ఫోన్‌లో, పెన్‌డ్రైవ్‌లో ఉంటున్నాయి. సూర్యాపేట నుంచి మునగాల మీదుగా కోదాడ వరకు, అటు మిర్యాలగూడ దాకా ఏ నెట్ సెంటర్‌కి వెళ్లినా ఇదే పరిస్థితి. ఫైల్ వాట్సాప్‌కి వస్తుంది. లేదంటే జిప్ చేసి మెయిల్‌లో పంపిస్తారు. అక్కడే ఓపెన్ చేసి, పెన్‌డ్రైవ్‌లో ఎక్కించుకుని ఇంటికి వచ్చేస్తాం.

ఓపెన్ చేయడం, కాపీ చేయడం.. చూడ్డానికి రెండు నిమిషాల పని. కానీ అకౌంట్‌లో డబ్బులు పోయేది, ఏళ్ల నాటి డేటా మాయమయ్యేది ఎక్కువగా ఇక్కడే. అసలు ఎలా పోతోంది? ఏం చేస్తే ఆగుతుంది?

జిప్ అంటే ఒక మూట.. అంతే!

జిప్, ఆర్‌ఏఆర్ ఫైళ్లు అంటే చాలా ఫైళ్లను కుదించి కట్టిన మూట. మూట డౌన్‌లోడ్ అయినంత మాత్రాన సాధారణంగా ఏమీ కాదు. విప్పాక లోపల ఉన్నదాని మీద నొక్కినప్పుడే అసలు కథ మొదలవుతుంది. ఫొటో అయితే ఫొటో తెరుచుకుంటుంది, ప్రోగ్రామ్ అయితే ప్రోగ్రామ్ పని మొదలుపెడుతుంది.

చాలామందికి తెలియని విషయం ఇంకోటుంది. ఆండ్రాయిడ్ యాప్‌లు వచ్చే ఏపీకే ఫైల్ కూడా జిప్ పద్ధతిలో కట్టిన మూటే. తేడా ఒక్కటే, దీన్ని ఫోన్ నేరుగా ఇన్‌స్టాల్ చేసుకుంటుంది. ఆర్టీవో చలానా, పీఎం కిసాన్, బ్యాంక్ కేవైసీ, పెళ్లి శుభలేఖ.. ఇలా రకరకాల పేర్లతో వాట్సాప్‌లో ఏపీకేలు తిరుగుతున్నాయని తెలంగాణ పోలీసులు, సైబర్ సెక్యూరిటీ బ్యూరో పదే పదే హెచ్చరిస్తున్నది అందుకే.

ఇన్‌స్టాల్ చేసి, అడిగిన పర్మిషన్లన్నీ ఇచ్చేస్తే మీకొచ్చే మెసేజ్‌లు ఆ యాప్ చదువుతుంది. అందులో ఓటీపీలు కూడా ఉంటాయి. కొన్నిసార్లు మీ వాట్సాప్ నుంచే మీ వాళ్లందరికీ అదే ఫైల్ వెళ్లిపోతుంది. అందుకే "మా బావ పంపాడు కదా" అని నమ్మడానికి లేదు. పంపింది ఆయనేనా అని ఒక్క ఫోన్ కొట్టి అడగాలి.

చలానా ఉందో లేదో తెలుసుకోవాలంటే పోలీసుల ఈ-చలాన్ వెబ్‌సైట్‌లో బండి నంబర్ కొడితే చాలు, దానికి ఏ ఏపీకే అక్కర్లేదు. పీఎం కిసాన్ యాప్ కావాలంటే ప్లే స్టోర్‌లోనే ఉంది.

నెట్ సెంటర్ కంప్యూటర్‌లో అసలు సమస్య ఏంటి?

ఫైల్ మంచిదా చెడ్డదా అన్నది ఒక ఎత్తు. దాన్ని విప్పే సాఫ్ట్‌వేర్ పాతదైతే అది ఇంకో ఎత్తు. ఆర్‌ఏఆర్ ఫైళ్లు విప్పడానికి చాలామంది వాడే విన్‌రార్‌లో 2025లో ఒక పెద్ద లోపం బయటపడింది. ఈసెట్ అనే సెక్యూరిటీ సంస్థ దీన్ని పట్టుకుంది. మీరు ఒక ఫోల్డర్‌లోకి విప్పుతున్నా, చెడ్డ ఫైల్ మాత్రం చప్పుడు లేకుండా విండోస్ స్టార్టప్ ఫోల్డర్‌లోకి వెళ్లి కూర్చుంటుంది. తర్వాత మీరు లాగిన్ అవ్వగానే అదే మొదలవుతుంది. యూరప్, కెనడా కంపెనీలకు ఉద్యోగ దరఖాస్తులు, రెజ్యూమేల పేరుతో ఇలాంటి ఆర్‌ఏఆర్ ఫైళ్లు పంపారు.

2025 జులై 30న వచ్చిన 7.13 వెర్షన్‌లో ఈ లోపాన్ని సరిచేశారు. చిక్కల్లా ఎక్కడంటే, విన్‌రార్ తనంతట తాను అప్‌డేట్ అవ్వదు. ఎవరో ఒకరు కొత్త వెర్షన్ డౌన్‌లోడ్ చేసి వేయాలి. ఎప్పుడో కంప్యూటర్ కొన్నప్పుడు వేసిన కాపీతోనే నడిపిస్తున్న చోట ఆ లోపం ఇంకా అలాగే ఉంటుంది. దీనికి తోడు 2025 అక్టోబర్ 14తో విండోస్ 10కి మైక్రోసాఫ్ట్ సాధారణ సపోర్ట్ ముగించేసింది. ఆ తర్వాత కూడా సెక్యూరిటీ అప్‌డేట్లు కావాలంటే విడిగా నమోదు చేసుకోవాలి.

అంటే జాగ్రత్త పడాల్సింది కస్టమర్ ఒక్కడే కాదు. రోజుకు పదుల పెన్‌డ్రైవ్‌లు గుచ్చే షాపులో ఒక్క కంప్యూటర్ పాడైతే, ఊళ్లో సగం పెన్‌డ్రైవ్‌లకు అంటుకుంటుంది. అప్‌డేట్ చేసుకోవడం షాపు వాళ్లకు ఖర్చు లేని పని. ఇంటర్నెట్ ఉంటే కాసేపట్లో అయిపోతుంది. ఆ మాట గట్టిగా అడగాల్సింది మనమే.

ఇంకో గుర్తు కూడా ఉంది. జిప్‌కి పాస్‌వర్డ్ పెట్టి, ఆ పాస్‌వర్డ్ కూడా అదే మెసేజ్‌లో పంపితే అనుమానించాలి. తాళం వేసిన మూట లోపల ఏముందో యాంటీవైరస్ చూడలేదు. మోసగాళ్లకు కావాల్సింది కూడా అదే.

పెన్‌డ్రైవ్‌లో ఫోల్డర్లన్నీ షార్ట్‌కట్‌లు అయిపోయాయా?

నెట్ సెంటర్‌కి వెళ్లొచ్చాక చాలామందికి ఎదురయ్యే సమస్య ఇది. కంగారుపడి ఫార్మాట్ కొట్టొద్దు. చాలాసార్లు అసలు ఫైళ్లు డ్రైవ్‌లోనే ఉంటాయి, వైరస్ వాటిని దాచేస్తుంది అంతే. ఆ షార్ట్‌కట్‌ల మీద మాత్రం నొక్కకండి. యాంటీవైరస్ ఉన్న కంప్యూటర్‌లో స్కాన్ చేయించి, దాగిన ఫైళ్లను బయటికి తీయించుకోవచ్చు.

ప్రింట్ కోసం షాపు నంబర్‌కి ఆధార్ వాట్సాప్ చేశారా? పని అయ్యాక అక్కడి డౌన్‌లోడ్స్ ఫోల్డర్‌లోంచి, రీసైకిల్ బిన్‌లోంచి దాన్ని తీసేయమని దగ్గరుండి చెప్పండి.

కోదాడ వరద చెప్పిన పాఠం

వైరస్ ఒక్కటే శత్రువు కాదు. 2024 ఆగస్టు 31, సెప్టెంబర్ 1 తేదీల్లో కురిసిన వానకు కోదాడలో కాలనీలు మునిగాయి, కార్లు కొట్టుకుపోయాయి, ప్రాణాలూ పోయాయి. మునగాల పక్కనే ఉన్న నడిగూడెం మండలంలో కాగిత రామచంద్రాపురం దగ్గర సాగర్ ఎడమ కాల్వకు గండి పడింది. అలాంటి రాత్రి ఇంట్లోకి నీళ్లు వస్తే కంప్యూటర్, దాని పక్కన సొరుగులో ఉన్న హార్డ్ డిస్క్ రెండూ కలిసే మునుగుతాయి. రెండు కాపీలు ఉన్నా ఒకే గదిలో ఉంటే, ఆ రోజుకి అవి ఒక్క కాపీ కిందే లెక్క.

ర్యాన్‌సమ్‌వేర్ విషయంలోనూ ఇదే లెక్క. 2017 మేలో ప్రపంచాన్ని వణికించిన వన్నాక్రై ఆంధ్రప్రదేశ్ పోలీసుల కంప్యూటర్లను కూడా కొన్నింటిని తాకింది. అది జిప్ ఫైల్‌తో రాలేదు, విండోస్‌లో ఉన్న లోపంతో నెట్‌వర్క్‌లో పాకింది. 2019లో రెండు తెలుగు రాష్ట్రాల విద్యుత్ పంపిణీ సంస్థల మీదా ర్యాన్‌సమ్‌వేర్ దాడి జరిగింది. ఇలాంటివి ఒకసారి లోపలికొస్తే కంప్యూటర్‌కి తగిలించి ఉన్న డ్రైవ్‌లోని ఫైళ్లకూ తాళం వేసేస్తాయి. మిల్లు లెక్కల బ్యాకప్ డిస్క్‌ని రాత్రీ పగలూ కంప్యూటర్‌కే తగిలించి ఉంచితే అది బ్యాకప్ అనిపించుకోదు. కాపీ అవ్వగానే తీసి పక్కన పెట్టాలి.

అందుకే నిపుణులు చెప్పే ఫార్ములా 3-2-1. మొత్తం మూడు కాపీలు, రెండు రకాల పరికరాల్లో, అందులో ఒకటి వేరే చోట. వేరే చోటంటే పెద్ద ఏర్పాటేం అక్కర్లేదు. సూర్యాపేటలో అక్క ఇంట్లో ఒక హార్డ్ డిస్క్ ఉంచినా సరిపోతుంది. గూగుల్ అకౌంట్‌లో 15 జీబీ ఫ్రీ. కానీ ఆండ్రాయిడ్‌లో వాట్సాప్ బ్యాకప్ కూడా అందులోనే లెక్కకొస్తుంది. కాబట్టి పత్రాలకు సరిపోతుంది కానీ పెళ్లి వీడియోలకు చాలదు.

ఏది ముందు దాచాలి? ఆధార్, డ్రైవింగ్ లైసెన్స్, ఆర్‌సీ పోయినా డిజీలాకర్‌లో మళ్లీ దొరుకుతాయి. చనిపోయిన తాతయ్య ఫొటోలు, షాపు లెక్కలు ఏ ఆఫీసూ తిరిగి ఇవ్వదు. మొదటి కాపీ వాటికే.

కాపీ చేసేటప్పుడు ఇవి మర్చిపోవద్దు

- కట్-పేస్ట్ వద్దు, కాపీ-పేస్టే చేయండి. మధ్యలో కరెంట్ పోయినా, కేబుల్ కదిలినా అసలు ఫైల్ మీ దగ్గరే ఉంటుంది.

- కాపీ అయ్యాక రెండు వైపులా ఫైళ్ల సంఖ్య, సైజు సరిపోయాయో లేదో చూడండి. నాలుగైదు ఫైళ్లు ఓపెన్ చేసి చూశాకే పాతవి డిలీట్ చేయండి.

- "ఫైల్ టూ లార్జ్" అని వస్తోందా? డ్రైవ్ ఫ్యాట్32లో ఉంటే 4 జీబీ దాటిన ఫైల్ ఎక్కదు, ఖాళీ ఉన్నా సరే. ఎక్స్‌ఫ్యాట్‌కి మార్చాలి. మారిస్తే డ్రైవ్‌లో ఉన్నదంతా పోతుంది, ముందే వేరేచోట దాచుకోండి.

- చౌకగా వస్తోందని "2 టీబీ పెన్‌డ్రైవ్" కొనొద్దు. నకిలీవి సైజు ఎక్కువ చూపిస్తాయి. అసలు జాగా నిండాక ఎక్కించిన ఫైళ్లు పాడైపోతాయి.

- డ్రైవ్‌ని లాగేయకుండా ఎజెక్ట్ నొక్కి తీయండి.

- జిప్ లోపలే ఫైల్ తెరిచి మార్పులు చేయొద్దు, సేవ్ కాకపోవచ్చు. ముందు ఎక్స్‌ట్రాక్ట్ చేయండి. ఫోన్‌లో అయితే జిప్‌కి, విప్పిన ఫైళ్లకి కలిపి సరిపడా ఖాళీ ఉండాలి.

ఒకవేళ పొరపాటున ఇన్‌స్టాల్ చేసేస్తే..?

వెంటనే మొబైల్ డేటా, వైఫై ఆపేయండి, లేదంటే ఫ్లైట్ మోడ్‌లో పెట్టండి. వేరే ఫోన్ నుంచి బ్యాంక్‌కి కాల్ చేసి అకౌంట్, యూపీఐ బ్లాక్ చేయించండి. డబ్బు పోతే ఆలస్యం చేయకుండా 1930కి కాల్ చేయాలి. ఎంత త్వరగా చెబితే ఆ డబ్బు మోసగాడి ఖాతాలోంచి బయటికి వెళ్లకముందే ఆపే అవకాశం అంత ఎక్కువ. రేపు పొద్దున చూద్దాంలే అనుకుంటే అప్పటికి అది నాలుగైదు ఖాతాలు మారిపోతుంది.