కమలాక్షి నోరు విప్పితే?

కాప్రాలో అపార్ట్‌మెంట్లు కట్టే చోట ఇసుక తట్టలు మోసే స్త్రీలను చూసినప్పుడల్లా బి. నర్సింగరావు 'మట్టి మనుషులు' (1990) గుర్తొస్తుంది. పల్లె వదిలి నగరానికొచ్చిన కూలీల కథ అది.

అంతకు ముందు, 1988లో, ఆయనే రాసి తీసిన 'దాసి' తెలంగాణ గడీలో కమలాక్షి బతుకును చూపింది. దొర ఆమె శరీరాన్ని వాడుకుంటాడు; ఆమె గర్భం ఉండాలా పోవాలా అన్నదీ గడీయే నిర్ణయిస్తుంది. అత్యాచారాన్ని వినోదంగా అమ్ముకునే వ్యాపార సినిమాకు అది గట్టి జవాబు. కమలాక్షిగా నటించిన అర్చనకు జాతీయ ఉత్తమ నటి అవార్డు వచ్చింది.

అయినా ఒక ప్రశ్న మిగిలే ఉంది. కమలాక్షి మౌనాన్ని రాసింది పురుషుడే. ఆమే నోరు విప్పితే ఏం చెప్పేది? మన సంఘాలు ఈ సినిమాలను బస్తీల్లో వేసి, తట్టలు మోసే స్త్రీలతో మాట్లాడించాలి. రేపటి స్క్రీన్‌ప్లేలు అక్కడి నుంచే రావాలి.