మీ ఊరు ఏ గీతకు ఇవతల ఉందో చూసుకున్నారా?

కృష్ణపట్నం పోర్టు ఏ లోక్‌సభ నియోజకవర్గంలో ఉంది? మీ ఫ్రెండ్స్‌ని ఒకసారి అడిగి చూడండి. "నెల్లూరే కదా, ఇంకేముంది" అనేవాళ్లే ఎక్కువ. కానీ కాదు. పోర్టు ఉన్న ముత్తుకూరు మండలం సర్వేపల్లి అసెంబ్లీ సెగ్మెంట్‌లో ఉంది. సర్వేపల్లి జిల్లా లెక్కలో నెల్లూరు, పార్లమెంటు లెక్కలో తిరుపతి. అంటే ఆ పోర్టులో లోకల్ వాళ్లకు ఉద్యోగాలు ఎందుకు రావడం లేదని లోక్‌సభలో అడిగించాలంటే మీరు అర్జీ పెట్టాల్సింది నెల్లూరు ఎంపీకి కాదు, తిరుపతి ఎంపీకి. 2024 ఎన్నికల్లో అక్కడ ఎంపీగా వైసీపీ అభ్యర్థి మద్దిల గురుమూర్తి గెలిచారు. సర్వేపల్లి ఎమ్మెల్యేగా టీడీపీ అభ్యర్థి సోమిరెడ్డి చంద్రమోహన్ రెడ్డి గెలిచారు. మరోవైపు ఉత్తరాన గుడ్లూరు మండలంలో కడుతున్న రామాయపట్నం పోర్టు కందుకూరు సెగ్మెంట్‌లోది కాబట్టి నెల్లూరు ఎంపీ కిందికి వస్తుంది.

ఒకే తీరం, రెండు పోర్టులు. ఓటు గీత మాత్రం వాటి మధ్య నుంచి పోయింది.

పోటీ పరీక్షలకు చదివేవాళ్లు ఎంపీల పేర్లు, మంత్రుల శాఖలు బట్టీ పడతారు. తప్పులేదు, మార్కులు వస్తాయి. కానీ మన నియోజకవర్గం చరిత్ర అంటే గెలిచినవాళ్ల పేర్ల పట్టిక కాదని నా అభిప్రాయం. ఆ గీత ఎప్పుడెప్పుడు ఎటు జరిగింది, జరిగినప్పుడు ఎవరికి తలుపు తెరుచుకుంది, ఎవరికి మూసుకుంది అన్నదే అసలు చరిత్ర. నెల్లూరు దీనికి మంచి ఉదాహరణ.

1952లో నెల్లూరు ఇంకా మద్రాసు రాష్ట్రంలోనే ఉంది. మొదటి లోక్‌సభకు ఇక్కడి నుంచి బెజవాడ రామచంద్రారెడ్డి ఇండిపెండెంట్‌గా గెలిచి వెళ్లారు. తర్వాత చాలాకాలం కాంగ్రెస్ కోట. 1984లో ఇందిరాగాంధీ హత్య తర్వాత దేశమంతా కాంగ్రెస్ గాలి వీస్తే, ఆంధ్రప్రదేశ్‌లో ఎన్టీఆర్ గాలి వీచింది. నెల్లూరులో టీడీపీ తరఫున పుచ్చలపల్లి పెంచలయ్య గెలిచారు. ఇదంతా గైడ్లలో దొరుకుతుంది.

గైడ్లు పట్టించుకోని సంగతి ఒకటుంది. 1962 నుంచి 2004 ఎన్నికల దాకా నెల్లూరు ఎస్సీ రిజర్వుడు సీటు. అందులో 1991 నుంచి 2004 దాకా అయిదు ఎన్నికలు జరిగితే అయిదింటిలోనూ మహిళలే గెలిచారు. 1991లో కుడుముల పద్మశ్రీ, 1996లో, 1998లో పనబాక లక్ష్మి, 1999లో టీడీపీ నుంచి ఉక్కాల రాజేశ్వరమ్మ, 2004లో మళ్లీ పనబాక లక్ష్మి. పార్టీ మారినా, ప్రభుత్వాలు మారినా, ఢిల్లీకి వెళ్లింది దళిత మహిళే. అప్పటికి చట్టసభల్లో మహిళా రిజర్వేషన్ చట్టమే లేదు. దేశంలో ఇలాంటి వరస ఎన్ని నియోజకవర్గాలకు ఉంటుంది చెప్పండి!

ఆ రోజుల్లోనే, 1992లో, ఇదే జిల్లా దూబగుంటలో ఆడవాళ్లు సారా దుకాణానికి అడ్డంపడ్డారు. ఆ ఉద్యమం రాష్ట్రమంతా పాకింది. 1993లో కాంగ్రెస్ ప్రభుత్వం సారా నిషేధించింది. 1994 ఎన్నికల్లో ఎన్టీఆర్ సంపూర్ణ మద్యనిషేధం హామీతో వచ్చి గెలిచారు. ఆ ఉద్యమం వల్లే మహిళా ఎంపీలు వచ్చారని నేను అనను, పద్మశ్రీ అంతకుముందే గెలిచారు. కానీ నెల్లూరు జిల్లా ఆడవాళ్లు రాష్ట్ర ఎన్నికల అజెండానే మార్చిన కాలం అది అని మాత్రం గుర్తుంచుకోండి.

మరి ఆ వరస ఎక్కడ ఆగింది? ఎన్నికల్లో ఓడిపోయి ఆగలేదు. గీత జరిగి ఆగింది. 2001 జనాభా లెక్కలతో జస్టిస్ కుల్దీప్ సింగ్ కమిషన్ చేసిన పునర్విభజన 2008లో అమల్లోకి వచ్చింది. నెల్లూరు లోక్‌సభ సీటు జనరల్ అయింది. పనబాక లక్ష్మి 2009లో రిజర్వుడు సీటు బాపట్లకు వెళ్లి గెలిచారు. నెల్లూరులో ఆ తర్వాత ఎంపీలైంది ముగ్గురు: మేకపాటి రాజమోహన్ రెడ్డి, ఆదాల ప్రభాకర్ రెడ్డి, వేమిరెడ్డి ప్రభాకర్ రెడ్డి. ముగ్గురూ మగవాళ్లు, ముగ్గురి ఇంటిపేర్లు వేరైనా చివరి మాట ఒకటే, ముగ్గురిదీ వ్యాపార నేపథ్యమే. వాళ్లు మంచివాళ్లా కాదా అన్నది వేరే చర్చ. ఒక గెజిట్ నోటిఫికేషన్ ఎంత పని చేయగలదో చూడమనే నా మాట.

అదే గీత నెల్లూరు ఊరినీ రెండు చేసింది. 2004 దాకా నెల్లూరు ఒకటే అసెంబ్లీ సీటు. 2009 నుంచి సిటీ, రూరల్ అని రెండు. పేరుకు రూరల్ గానీ, నగరం డివిజన్లు చాలా అందులోనే ఉన్నాయి. అపార్ట్‌మెంట్లు, కోచింగ్ సెంటర్లు, వాటి పక్కనే వరిమళ్లు. అంటే శివారు నియోజకవర్గం. తీరంలో ఉండే అల్లూరు నియోజకవర్గం అయితే మ్యాప్‌లోంచే పోయింది. అల్లూరు మండలం ఇప్పుడు కావలిలో ఉంది.

ఇక పార్టీల సంగతి. నెల్లూరు రూరల్‌లో 2014, 2019, 2024 మూడుసార్లూ కోటంరెడ్డి శ్రీధర్ రెడ్డే గెలిచారు. రెండుసార్లు వైసీపీ, మూడోసారి టీడీపీ. 2024లో ఆయన చేతిలో ఓడింది ఆదాల. ఆదాల 2014లో టీడీపీ నుంచి ఎంపీగా పోటీచేసి ఓడారు. 2019లో టీడీపీ ఆయన్ను నెల్లూరు రూరల్‌కు ప్రకటించాక వైసీపీలోకి వెళ్లి ఎంపీ అయ్యారు. అంటే అయిదేళ్ల తేడాతో ఇద్దరూ జెండాలు మార్చుకున్నారన్నమాట! మనం వాట్సాప్ గ్రూపుల్లో జెండా కోసం స్నేహితులతో మాటలు మానుకుంటున్నాం.

జిల్లా ఓటరు తీర్పు చూస్తే కళ్లు తిరుగుతాయి. ఉమ్మడి నెల్లూరు జిల్లాలో 10 అసెంబ్లీ సీట్లు. 2019లో పదికి పది వైసీపీవి. 2024లో పదికి పది టీడీపీవి. ఎంపీ సీటు మెజారిటీలూ అంతే. మేకపాటి 2009లో కాంగ్రెస్ నుంచి 55 వేల దగ్గర, 2012 ఉప ఎన్నికలో వైసీపీ నుంచి 2 లక్షల 91 వేలకు పైగా, 2014లో 13 వేల పైచిలుకు మెజారిటీతో గెలిచారు. మనిషి అదే, నియోజకవర్గం అదే. నెల్లూరు ఫలానా పార్టీ అడ్డా అని ఎవరైనా డిబేట్లో అంటే ఈ మూడు అంకెలు చెప్పండి చాలు.

మధ్యలో ఇంకో ముచ్చట కూడా జరిగింది. ప్రత్యేక హోదా కోసం 2018 ఏప్రిల్‌లో అయిదుగురు వైసీపీ ఎంపీలు రాజీనామా చేశారు, మేకపాటి వాళ్లలో ఒకరు. జూన్‌లో ఆమోదించారు. లోక్‌సభ గడువు ఏడాది లోపే ఉందని ఉప ఎన్నిక పెట్టలేదు. దాదాపు ఏడాది నెల్లూరుకు ఎంపీ లేరు. అప్పుడు ఎంతమందికి ఆ లోటు తెలిసింది? నాకు ఈ ప్రశ్నే ఎక్కువ బాధగా ఉంటుంది. లేకపోయినా తెలియలేదంటే, ఉన్నప్పుడు మనం ఏం అడిగినట్టు?

ఒక్క ఓటుతో ఏమవుతుందిలే అనేవాళ్లకు నెల్లూరు సిటీ చూపించండి. 2009లో ప్రజారాజ్యం అభ్యర్థి గెలిచింది వంద ఓట్ల లోపు తేడాతో. 2019లో రెండు వేల లోపు. 2024లో 72 వేల పైన. ఎన్నికల తర్వాత ఫారం 20 అని ఒక షీట్ ఇస్తారు. ఏ పోలింగ్ కేంద్రంలో ఎవరికి ఎన్ని ఓట్లో అందులో ఉంటుంది. రాష్ట్ర ప్రధాన ఎన్నికల అధికారి వెబ్‌సైట్‌లో వెతకండి. ఎక్సెల్ నేర్చుకుంటున్నవాళ్లయితే మీ మండలం షీట్ తీసి రెండు ఎన్నికలు పక్కపక్కన పెట్టి చూడండి. డేటా ఉద్యోగాల ఇంటర్వ్యూలో చెప్పుకోవడానికి సొంత ప్రాజెక్టూ అవుతుంది.

ఇదంతా ఇప్పుడెందుకంటే, గీత మళ్లీ జరగబోతోంది. 2001లో చేసిన 84వ రాజ్యాంగ సవరణ ప్రకారం 2026 తర్వాత వచ్చే మొదటి జనాభా లెక్కల దాకా లోక్‌సభ సీట్ల సంఖ్య మార్చకూడదు. ఆ లెక్కలకు కేంద్రం ప్రకటించిన ప్రామాణిక తేదీ 2027 మార్చి 1. రాష్ట్ర విభజన చట్టం 26వ సెక్షన్‌లో మన అసెంబ్లీ సీట్లు 175 నుంచి 225 చేయాలని ఉంది. 2023లో వచ్చిన 106వ సవరణ మహిళలకు మూడోవంతు సీట్లిచ్చింది గానీ, దాన్నీ పునర్విభజనకే ముడిపెట్టింది. కమిషన్ ముందు ముసాయిదా గెజిట్‌లో వేస్తుంది, అభ్యంతరాలకు గడువు ఇస్తుంది, బహిరంగ విచారణ పెడుతుంది. తుది ఉత్తర్వు వచ్చాక కోర్టుకెళ్లే దారి దాదాపు ఉండదు. గత పునర్విభజన నాటికి మీలో చాలామంది బడిలో కూడా చేరలేదు, అప్పుడు మాట్లాడింది పెద్దవాళ్లే. ఈసారి ముసాయిదా వచ్చిన రోజు ముత్తుకూరు ఏ పార్లమెంటులో పడిందో, మీ ఊరు ఏ సెగ్మెంట్‌లో పడిందో, ఏ సీటు ఎవరికి రిజర్వ్ అయిందో చూడండి. నచ్చకపోతే గడువులోపు తెల్లకాగితం మీద రాసి పంపండి.