వారాంతపు ఆట

అమెరికా వృత్తి బాస్కెట్‌బాల్‌లో ఎన్.బి.ఏ. ప్లేఆఫ్ పోటీలు సాధారణంగా ఏప్రిల్‌లో ఒక శనివారం ఆరంభమవుతాయి. పదహారు జట్ల తొలి ఆటలు ఆ రెండు సెలవు దినాలలోనే సాగుతాయి. ఇదంతా టెలివిజన్ వర్తకమని నిందించేవారు 1980ని స్మరించాలి. ఆనాటి ఫైనల్స్ ఆరవ ఆట శుక్రవారం రాత్రి జరిగింది. ఇరవై ఏళ్ల మేజిక్ జాన్సన్ 42 పాయింట్లు సాధించి లేకర్స్ జట్టుకు విజయం చేకూర్చాడు. ఆ అద్భుతాన్ని సి.బి.ఎస్. సంస్థ పలు నగరాలలో రాత్రి బాగా పొద్దుపోయాకగాని ప్రసారం చేయలేదు. పిల్లలెందరో అప్పటికే నిద్రించి ఉంటారు!

ఆదివారపు ఆటకైతే ఇంటిల్లిపాదీ కూర్చోగలరు. అయితే తూర్పుతీరపు గడియారమే అందరినీ శాసించడం తగదు. అక్కడి మధ్యాహ్నం మూడున్నర లాస్ ఏంజిలిస్‌లో పన్నెండున్నర. రాత్రి ఆటలకు అలవడిన క్రీడాకారుడు భోజనవేళకు బరిలో దిగవలసి వస్తుంది. తూర్పు నగరాల ఆటలను ముందుంచి, పశ్చిమ నగరాల ఆటలను సాయంకాలానికి జరపడం అసాధ్యమేమీ కాదు.